గరగర ప్లేటుదా, బారెట్‌దా? కోనసీమ తేమలో ‘ది మ్యాడ్‌క్యాప్ లాఫ్స్’ ఎల్‌పీ

గాయకుడు, గిటారిస్టు సిడ్ బారెట్ సొంతంగా చేసిన ఈ ఎల్‌పీ (లాంగ్ ప్లే రికార్డు) మొదటిసారి వినేవాళ్ళ చెయ్యి రెండో వైపు ఆరో పాట రాగానే ముల్లుని మోసే టోన్ ఆర్మ్ మీదకి పోతుంది. గొంతు పై స్థాయి అందుకోబోయి జారుతుంది, ఆగిపోతుంది, ఇబ్బందిగా రెండు ముక్కలు మాట్లాడి మళ్ళీ మొదలెడుతుంది. కంగారు పడకండి, ముల్లు గెంతలేదు. 1969లో అబీ రోడ్ స్టూడియోలో టేపు మీద పడింది పడ్డట్టే ఉంచేశారు. ఈ రికార్డు మన డెల్టాలో వినాలంటే ముందు తేల్చుకోవాల్సింది ఏ లోపం సిడ్ బారెట్‌దో, ఏది మన తేమదో.

బారెట్ 1946లో కేంబ్రిడ్జిలో పుట్టాడు. ఇంగ్లండ్ రాక్ బ్యాండ్ పింక్ ఫ్లాయిడ్‌కి ఆ పేరు పెట్టింది ఆయనే. 1967 నాటి వాళ్ళ మొదటి ఆల్బమ్‌లో 11 పాటలుంటే 8 ఆయన ఒక్కడే రాశాడు. 1968 ఏప్రిల్‌కల్లా బ్యాండ్‌లో లేడు. ఈ ఎల్‌పీ 1970 జనవరిలో వచ్చింది, అదే ఏడాది ఇంకొకటి, అంతే. తర్వాత చాలామటుకు కేంబ్రిడ్జిలో బొమ్మలు గీసుకుంటూ, తోటపని చేసుకుంటూ 2006లో పోయాడు.

సిగరెట్ లైటర్‌తో తీగల మీద జార్చి, ఆ శబ్దాన్ని బిన్సన్ ఎకో పెట్టెలో తిప్పిన 1967 నాటి గిటార్ కోసం కొంటే నిరాశే. ఇక్కడ ఎక్కువగా మామూలు గిటారూ గొంతూ. అసలు సరుకు తాళంలో ఉంది. మాట పొడుగైతే ఆవర్తం సాగుతుంది, మాట అయిపోతే మధ్యలోనే తెగుతుంది. బుర్రకథ విన్న చెవికి ఇది కొత్త కాదు. కథకుడు లాగితే వంతలు అతని మొహం చూసి ఆగుతారు. మొదటి వైపు రెండు, మూడు పాటల్లో వాయించిన సాఫ్ట్ మెషీన్ అనే బ్యాండ్ వాళ్ళకి ఆ సదుపాయం లేదు. బారెట్ ముందే పాడేసిన టేపు మీద వాయించారు. అందుకే డ్రమ్స్ అక్కడక్కడ అర అడుగు వెనక పడతాయి. మా లెక్కలో ఆల్బమ్‌లో గొప్ప చోట్లు అవే. రెండో వైపు రెండో పాటలో మాటలు జేమ్స్ జాయిస్ కవిత, బాణీ బారెట్‌ది. నాలుగో పాటలో కాగితం తిప్పిన చప్పుడు కూడా రికార్డింగులోదే, గుడ్డ పెట్టి తుడవక్కర్లేదు.

మరి ప్లేటు లోపం ఎలా పట్టుకోవాలి? నిమిషానికి 33⅓ చుట్ల వేగంలో ఒక చుట్టుకి 1.8 సెకన్లు. ‘టక్’ సరిగ్గా ఆ వ్యవధికే తిరిగొస్తుంటే అడ్డగీత. అదే వ్యవధిలో శ్రుతి ఊగుతుంటే మధ్య చిల్లు పక్కకి పోయిందనో, ప్లేటు వంగిందనో అర్థం. మే నెలలో తలుపులు మూసిన కారులో గంటసేపు వదిలేసినా వినైల్ వంగుతుంది. వరస లేకుండా చిటపటలాడితే మురికి, లేదా బూజు. బారెట్ తడబాట్లు ఏ లెక్కకీ అందవు.

బూజుకి డిస్టిల్డ్ వాటర్ నాలుగు పాళ్ళు, ఐసోప్రొపైల్ ఆల్కహాల్ ఒక పాలు కలపండి. మెత్తని మైక్రోఫైబర్ గుడ్డతో గాడి వెంట గుండ్రంగా తుడవండి, మధ్య లేబుల్ తడవనివ్వకండి. తర్వాత ఉత్త డిస్టిల్డ్ వాటర్‌తో ఇంకోసారి తుడిచి, నీడలో నిలబెట్టి ఆరనివ్వండి. బోరు నీళ్ళు వద్దు, ఆరాక ఉప్పు గాడిలోనే మిగులుతుంది. ఇంట్లో తాతల నాటి, నిమిషానికి 78 చుట్లు తిరిగే పద్యాల ప్లేట్లుంటే ఈ మందు వాటి దగ్గరికి కూడా పోనివ్వొద్దు. అవి లక్క, ఆల్కహాల్‌కి కరిగిపోతాయి.

లోపలి కాగితం కవరు మన వానాకాలానికి పనికిరాదు, చెమ్మ పీల్చి ప్లేటుకి అంటిస్తుంది. పాలిథిన్ లైనింగ్ ఉన్నది తెచ్చి మార్చండి. పై కవరు మూతి మూసేయకండి, లోపల చెమ్మ పడుతుంది. కాలవ వైపు గోడకి జానెడు ఎడంగా, బడి పుస్తకాల్లా నిలువుగా పెట్టండి. అన్నట్టు వెనక అట్ట మీద బట్టల్లేని అమ్మాయి ఫొటో ఉంది, హాల్లో ఎటు తిప్పి పెడతారో మీ ఇష్టం.

కరెంటు సంగతి. మీ టర్న్‌టేబుల్‌ది నేరుగా ఏసీ మీద తిరిగే సింక్రనస్ మోటారైతే వేగం ఫ్రీక్వెన్సీని బట్టి ఉంటుంది. జనరేటర్ 50 హెర్ట్జ్ నుంచి జారితే పాట శ్రుతీ జారుతుంది. అడాప్టర్‌తో నడిచే డీసీ మోటారుకి ఆ బాధ తక్కువ. ‘మ్‌మ్’ మని హమ్ వస్తుంటే మొదట టర్న్‌టేబుల్ నుంచి ఆంప్లిఫయర్‌కి పోయే ఎర్తు వైరు బిగించి చూడండి, రికార్డుని అనుమానించొద్దు.

పింక్ ఫ్లాయిడ్ 1967 ఆల్బమ్ విననివాళ్ళు ముందు అది కొనుక్కోవడం మేలు. విన్నవాళ్ళు దీన్ని ఎల్‌పీలోనే వినండి. 1993 సీడీలో చివర అదనపు టేకులు 6 తగిలించారు, అవి ఆసక్తికరమే గానీ ముగింపు పాటని ముగింపు కానివ్వవు. ఆ పాటలో జారుడు గిటార్ ఒక్కో మాట వెనకాలే వస్తుంది. పైగా అది లేబుల్ పక్కన ఉన్న లోపలి గాడుల్లో ఉంది, ముల్లు ఉండే కార్ట్రిడ్జ్ కాస్త వంకరగా బిగించినా ‘స’కారాలు చీలేది అక్కడే. కాబట్టి కార్డు ప్రొట్రాక్టర్ (కోణం కొలిచే అట్ట) పెట్టి దాని మీది రెండు బిందువుల దగ్గరా కోణం సరిచేసి, ముల్లు బరువు మాన్యువల్‌లో చెప్పినంత (చాలా ఎంఎం, అంటే మూవింగ్ మాగ్నెట్ కార్ట్రిడ్జ్‌లకి 2 గ్రాముల దగ్గర) ఉందో లేదో చూసి, అప్పుడు ముల్లు దించండి.