రాజమండ్రి ఎబొనైట్ కలం: కొనేముందు చూడాల్సినవి, కొన్నాక చేయాల్సినవి

రాజమండ్రిలో లేత్ మీద తిప్పి చేసే రత్నం కలం ఇప్పటికీ దొరుకుతోంది. రోజూ రెండు మూడు పేజీలైనా చేత్తో రాసేవాళ్ళు, నెలకోసారి పెన్ను విప్పి కడగడానికి విసుక్కోనివాళ్ళు నిశ్చింతగా కొనుక్కోవచ్చు. సంతకాల కోసమే జేబులో పెట్టుకు తిరిగేవాళ్ళు మాత్రం ఇందులోనే కన్వర్టర్ (సిరా పీల్చి ఉంచుకునే, విడిగా తీయగలిగే చిన్న ప్లాస్టిక్ గొట్టం) పట్టే రకం అడిగి తీసుకోవాలి, లేదా మరో పెన్ను చూసుకోవాలి. ఇలా ఎందుకంటున్నానో తెలియాలంటే కలం లోపల ఏముందో, అది అలా ఎందుకు తయారైందో రెండూ చూడాలి.

పాత పద్ధతి రత్నం కలంలో భాగాలు చాలా తక్కువ. సిరా పోసుకునే గొట్టం, వేళ్ళతో పట్టుకునే మెడ, మూత, పాళీ, పాళీకి సిరా అందించే నల్లటి ఫీడ్, జేబుకు తగిలించే క్లిప్పు. అంతే. లోపల రబ్బరు సంచి లేదు, స్ప్రింగు లేదు, పిస్టన్ లేదు. మెడ విప్పి ఇంకు ఫిల్లర్‌తో నేరుగా గొట్టంలోకి సిరా పోయాలి. ఒకసారి పోస్తే సైజును బట్టి 3 మి.లీ. దాకా పడుతుంది. ఇప్పటి పెన్నుల్లో వచ్చే కన్వర్టర్‌లో పట్టేది 1 మి.లీ. కూడా ఉండదు. రబ్బరు సంచి ఉన్న పాత విదేశీ కలాలు మన ఉక్కపోతకు కొన్నేళ్ళలోనే సంచి మెత్తబడి, జిగటగా మారి, ఆపైన చిట్లి మూలపడేవి. ఈ కలంలో చెడిపోవడానికి అలాంటి భాగమే లేదు. 50 ఏళ్ళ నాటి గొట్టాన్ని కడిగి, కొత్త పాళీ బిగిస్తే మళ్ళీ రాస్తుంది. దీని గొప్పతనమంతా నా దృష్టిలో ఇదే.

గొట్టం, మూత, మెడ, ఫీడ్ అన్నీ ఎబొనైట్‌తో చేసినవే. ఎబొనైట్ అంటే గట్టి రబ్బరు. టైర్ల రబ్బరులో గంధకం కొద్ది శాతమే ఉంటుంది. దాన్ని దాదాపు 30 శాతానికి పెంచి గంటల తరబడి వేడిచేస్తే రబ్బరు సాగే గుణం పోయి కొమ్ములా బిగుసుకుంటుంది. రబ్బరును గంధకంతో వేడిచేసే పద్ధతికి అమెరికాలో 1844లో చార్లెస్ గుడ్‌ఇయర్ పేటెంటు తీసుకున్నాడు. గట్టి రబ్బరుకు 1851లో పేటెంటు పొందినవాడు ఆయన తమ్ముడు నెల్సన్. కలాల వాళ్ళకు ఈ సరుకు వరమైంది. మాచికాయ కషాయంలో అన్నభేది అనే ఇనుప లవణం కలిపి కాచే ఆనాటి సిరాలకు పులుపు ఎక్కువ, ఇనుమును తినేసేవి. ఎబొనైట్‌ను ఏమీ చేయలేకపోయేవి. పైగా లేత్ మీద మెత్తగా తెగుతుంది, మర (తిప్పి బిగించే చుట్లు) సన్నగా పడుతుంది, నునుపుగా మెరుస్తుంది. 1884లో లూయిస్ వాటర్‌మన్ పేటెంటు పొందిన ఫీడ్‌తో మిగతా చిక్కు కూడా తీరింది. అందులో సన్నటి గాళ్ళ వెంట సిరా కిందికి దిగుతుంటే, దిగినంత గాలి వెనక్కి పోతుంది. అప్పటిదాకా రాత బల్లకు, సిరాబుడ్డికి కట్టుబడి ఉండేది. ఇది వచ్చాక గుమాస్తా, విద్యార్థి, విలేకరి ఎక్కడ నిలబడితే అక్కడ రాయగలిగారు.

ఆ సౌకర్యానికి మన దేశం కట్టిన ధర విదేశీ సరుకు మీద ఆధారపడటం. కోసూరి వెంకట రత్నం గాంధీ ప్రేరణతో రాజమండ్రిలో 1932లో కలాల పని మొదలుపెట్టారు. 1935 జూలైలో వార్ధా నుంచి గాంధీ ఆయనకు ఉత్తరం రాశారు. కుమారప్ప ద్వారా పంపిన పెన్ను అందిందనీ, వాడి చూశాననీ, బజారులో కనిపించే విదేశీ పెన్నులకు అది మంచి ప్రత్యామ్నాయంగా ఉందనీ దాని సారాంశం. ఆ కుమారప్ప అఖిల భారత గ్రామోద్యోగ సంఘాన్ని నడిపిన జె.సి. కుమారప్ప. ఆ రోజుల్లో ఒక కలాన్ని ఇక్కడే తయారుచేయడం ఎంత కష్టమో ఆ పని తెలిసినవాళ్ళకే అర్థమవుతుంది. గొట్టం తిప్పడం లేత్ ఉన్న ఎవరికైనా సాధ్యమే. పాళీ అలా కాదు. రేకు కొట్టాలి, వంపు తిప్పాలి, కొసన కాగితం రాపిడికి అరగని గట్టి లోహపు గింజ అతకాలి, ఆ గింజను సరిగ్గా మధ్యకు చీల్చాలి, చీలిన రెండు ముక్కలనూ సమానంగా అరగదీయాలి. స్వర్ణకార పనితనం ఉన్న చేతులకే అది సాధ్యం. స్వదేశీ సిరా కథ కూడా అదే కాలానిది. బెంగాల్‌లో సులేఖ 1934లో మొదలైంది. దాండేకర్‌లు 1931లో సిరా పొడి, సిరా బిళ్ళలతో మొదలుపెట్టిన వ్యాపారమే తర్వాత కామ్లిన్ అయింది. కలం, సిరా రెండూ ఇక్కడివే కావాలన్న పట్టుదల ఆ దశాబ్దంలో ఇన్ని చోట్ల ఒకేసారి కనబడుతుంది.

ఇప్పుడు దుకాణంలో ఏం చూడాలో చెబుతాను. చేత్తో చేసిన సరుకు కాబట్టి ఏ రెండు కలాలూ ఒకేలా ఉండవు. ఒకదాని మూత మరోదానికి పట్టకపోవచ్చు. అందుకే ఒక్కటే తీయించుకుని డబ్బు కట్టేయకుండా నాలుగైదు ముందు పెట్టించుకోండి.

మొదట మర. మెడను గొట్టంలోకి తిప్పితే చివరిదాకా ఒకే బిగువుతో వెళ్ళాలి. మధ్యలో పట్టేసినా, వదులుగా ఊగినా వద్దు. సిరా కారకుండా ఆపేది ఈ మరే. తర్వాత పాళీని వెలుతురుకు ఎత్తి చూడండి. చీలిక పైన గుండ్రటి రంధ్రం నుంచి కొస దాకా గీతలా సన్నబడుతూ రావాలి. కొస దగ్గర వెలుతురు కొంచెం కూడా కనబడకుండా మూసుకుపోతే సిరా దిగదు. ఎక్కువగా తెరుచుకుంటే మధ్యలో సిరా తెగిపోతుంది. పక్క నుంచి చూసినప్పుడు రెండు కొసలూ ఒకే ఎత్తులో ఉండాలి. ఒకటి కిందికి దిగి ఉంటే ఒక దిక్కుకు గీసినప్పుడు గీరుకుంటుంది.

ఆ గీరుకోవడం బయటపడాలంటే ఇంగ్లీషులో సంతకం చేసి చూస్తే సరిపోదు. తెలుగులో తలకట్టు పెట్టేటప్పుడు పాళీని పైకి, కుడివైపుకు తోస్తాం. కొస ఏమాత్రం వంకర ఉన్నా అక్కడే కాగితాన్ని పట్టేసుకుంటుంది. ఒక వరసంతా తలకట్లే పెట్టి చూడండి. ఆ తర్వాత ఘ, ఝ, ఱ, స్త్రీ, క్ష్మ రాయండి. చిన్న అక్షరాలు రాసే అలవాటుంటే లావు పాళీతో ఈ సున్నాలన్నీ సిరాతో పూడిపోతాయి. తెలుగు రాతకు సన్న పాళీయే నయం. చేతిని కలం మీద వాల్చాలి తప్ప నొక్కకూడదు. బాల్‌పెన్నుతో పెరిగిన చేతులకు ఇది కొత్త. బాల్‌పెన్నును రూపొందించిన బీరో 1938లో పేటెంటు తీసుకున్న ఆ పద్ధతిలో సిరా చిక్కగా ఉంటుంది, గుండు దొర్లాలంటే నొక్కి తీరాలి. అదే నొక్కుడు ఇక్కడ పెడితే పాళీ రెక్కలు విచ్చుకుపోతాయి. మొదటి నెలలో పాడయ్యే పాళీల్లో ఎక్కువ వాటికి కారణం ఇదే.

స్టీలు పాళీయా బంగారు పాళీయా అన్నది అందరూ అడిగేదే. బంగారం మెత్తగా స్పందిస్తుంది, పులుపు సిరాలకు తుప్పు పట్టదు, ధర మాత్రం కలాన్ని మించిపోతుంది. మొదటిసారి కొనేవాళ్ళకు స్టీలు చాలు. కాగితాన్ని తాకేది ఎలాగూ కొసనున్న గట్టి గింజే. దాన్ని ఎంత బాగా అరగదీశారన్న దాని మీదే రాత నునుపు ఆధారపడుతుంది.

సిరా నింపేటప్పుడు గొట్టాన్ని మర మొదలుకు 3, 4 మి.మీ. కింది దాకా నింపండి. మరకు పలచగా సిలికాన్ గ్రీజు రాయండి, ఆవగింజంత చాలు. కొబ్బరినూనె, వాజలైన్ వద్దు. అవి సిరాలో కలిస్తే ఫీడ్ గాళ్ళు పూడుతాయి. బిగించాక పాళీని కిందికి పెట్టి, కింద మెత్తటి కాగితం పరిచి పది నిమిషాలు ఉంచండి. మర దగ్గర తడి కనబడితే మళ్ళీ గ్రీజు పెట్టాలి. అప్పటికీ ఆగకపోతే మర సరిగా పడలేదన్నమాట, మార్పించుకోవాలి.

ఈ రకం కలం మీద వినబడే ఫిర్యాదు ఒక్కటే: ఉన్నట్టుండి కాగితం మీద చుక్క కక్కుతుంది. దీనికి మర తప్పు లేదు, లోపలి గాలి కారణం. సిరా తగ్గేకొద్దీ గొట్టంలో గాలి పెరుగుతుంది. 2 మి.లీ. గాలి చేతి వేడికి 5 డిగ్రీలు వేడెక్కితే 0.03 మి.లీ. దాకా వ్యాకోచిస్తుంది. లోపలి తడి ఆవిరై తోడయితే అది ఇంచుమించు రెట్టింపవుతుంది. ఒక చుక్క సుమారు 0.05 మి.లీ. అంటే సరిగ్గా ఒక చుక్క బయటికి రావడానికి చాలినంత. ఎబొనైట్ గోడ మందంగా ఉండటం వల్ల వేడి నెమ్మదిగా లోపలికి పోతుంది, ఫీడ్‌లోని అడ్డగాళ్ళు కొంత సిరాను పట్టి ఉంచుతాయి. అయినా మూడోవంతు సిరాకు దిగాక ప్రమాదం పెరుగుతుంది. అప్పుడు చేయాల్సింది ఒకటే, మళ్ళీ నిండా పోయడం. మే నెల ఎండలో చొక్కా జేబులో పెట్టుకుని బండి మీద తిరిగొచ్చి వెంటనే మూత తీసి రాయకూడదు. పాళీని పైకి పట్టి రెండు నిమిషాలు ఆగితే లోపలి గాలి దారి చేసుకుని పోతుంది. విమానంలో కూడా ఇదే తంతు. క్యాబిన్‌లో పీడనం తగ్గుతుంది కాబట్టి పూర్తిగా నింపిన కలమో, పూర్తిగా ఖాళీ చేసిన కలమో తీసుకెళ్ళాలి. సగం నిండిన కలం వద్దు.

కన్వర్టర్ పట్టే రకంలో గాలి చాలా తక్కువ కాబట్టి ఈ బాధ దాదాపు లేదు. కానీ సిరా రెండు మూడు రోజులకే అయిపోతుంది, కన్వర్టర్ ప్లాస్టిక్ ఎప్పటికైనా మార్చాల్సిందే. ఉద్యోగానికి తీసుకెళ్ళేవాళ్ళకు అది, ఇంట్లో బల్ల దగ్గర పేజీలకు పేజీలు రాసేవాళ్ళకు గొట్టంలో పోసుకునేది.

కడగడానికి చల్లటి నీళ్ళే వాడాలి. మెడను విప్పి, పాళీ వైపు నుంచి సిరా రంగు పోయేదాకా నీళ్ళు పారించండి. సిరా మరీ ఎండిపోతే గ్లాసు నీళ్ళలో రెండు చుక్కలు గిన్నెలు తోమే ద్రవం వేసి పాళీ వరకే ముంచాలి. గొట్టాన్ని, మూతను నానబెట్టకూడదు. ఎబొనైట్‌కు శత్రువులు రెండు: వెలుతురు, తడి. ఈ రెండూ కలిస్తే పైపొరలోని గంధకం ఆక్సీకరణ చెంది నల్లటి కలం గోధుమ రంగులోకి, తర్వాత ఆకుపచ్చ ఛాయలోకి తిరుగుతుంది. ఆ రంగు కడిగితే పోదు, పైపొర గీకి మళ్ళీ మెరుగు పెట్టించాల్సిందే. రాయడం అయ్యాక చెమట తుడిచి, కిటికీకి దూరంగా సొరుగులో పెట్టండి. వెండి సామానుతో కలిపి పెట్టకండి, గంధకానికి వెండి నల్లబడుతుంది. కొత్త కలానికి వచ్చే గంధకపు వాసన కొన్ని వారాల్లో తగ్గుతుంది.

పాళీ, ఫీడ్ బిగువు మీదే నిలబడతాయి, జిగురు ఉండదు. రెంటినీ కలిపి తడిబట్టతో పట్టుకుని తిన్నగా లాగితే వస్తాయి. తిప్పుతూ లాగితే పాళీ వంగుతుంది. తిరిగి బిగించేటప్పుడు పాళీకి, ఫీడ్‌కు మధ్య ఖాళీ కనబడితే సిరా ఆగి ఆగి వస్తుంది. ఎబొనైట్ ఫీడ్‌కున్న సుగుణం ఇక్కడే తెలుస్తుంది. బాగా వేడిగా ఉన్న, మరగని నీళ్ళలో పాళీ, ఫీడ్ కొసలను 20 సెకన్లు ముంచి, తీసి, బట్టతో పాళీ వైపు మెల్లగా నొక్కి చల్లారేదాకా పట్టుకుంటే ఫీడ్ వంగి పాళీకి అతుక్కుంటుంది. ప్లాస్టిక్ ఫీడ్‌తో ఇంత తేలిగ్గా కుదరదు. మెడకు మాత్రం వేడినీళ్ళు తగలనివ్వకూడదు, రంగు పోతుంది.

సిరా విషయంలో మామూలు నీలం సిరా ఏదైనా పనికొస్తుంది. బొమ్మలు గీసే నల్ల ఇండియన్ ఇంకు మాత్రం పొరపాటున కూడా పోయకండి. అందులోని లక్క ఎండితే ఫీడ్ గాళ్ళు శాశ్వతంగా మూసుకుపోతాయి. దస్తావేజులకు వాడే ఇనుప సిరా (పైన చెప్పిన అన్నభేది రకం) స్టీలు పాళీలో రోజుల తరబడి ఉంచవద్దు. బాల్‌పెన్ను కోసం చేసిన చవక నోటుపుస్తకాల్లో సిరా పాకి వెనక పేజీకి దిగుతుంది. అది కలం లోపం అనుకుని పాళీ మార్పించేవాళ్ళున్నారు. ముందు కాగితం మార్చి చూడండి.

రాజమండ్రిలోనే గైడర్ కలాలు కూడా ఇదే పద్ధతిలో దొరుకుతాయి, హైదరాబాద్‌లో దక్కన్ పెన్ స్టోర్స్ ఉంది. మూడింటిలో చేతి పనే కాబట్టి పేరు కంటే మీ చేతిలోకి వచ్చిన కలం మర, పాళీ ఎలా ఉన్నాయన్నదే చూడండి. ఎక్కడ కొన్నా పాళీ ఏ సైజుదో అడిగి రాసుకోండి. 5, 6 సైజులు మామూలుగా దొరికేవి. కాన్పూర్ కాన్‌రైట్ పాళీలు గానీ, జర్మనీ నుంచి వచ్చేవి గానీ అదే సైజులో తెప్పించి బిగించుకోవచ్చు. సొంత సైజులో చేసిన పాళీ అయితే అప్పుడే అదే దుకాణంలో మరో రెండు పాళీలు, ఒక ఫీడ్ కలిపి కొనిపెట్టుకోండి.