ఎస్టిమేటా, బిల్లా, సర్వేయర్ రిపోర్టా: బండి నష్టం రుజువుకి ఏది మేలు?

బెంగళూరు టిన్ ఫ్యాక్టరీ దగ్గర మా బామ్మర్ది కారుని వెనకనుంచి గూడ్స్ టెంపో గుద్దింది. మనుషులకేం కాలేదు గానీ డిక్కీ డోర్ అప్పడంలా మడత పడింది. మర్నాడు కేఆర్ పురంలో ఒక గ్యారేజీకి తీసుకెళ్లాం. మేస్త్రీది మదనపల్లె. తెలుగువాళ్లమని తెలియగానే ఎస్టిమేటు ప్యాడ్ బయటికి తీసి, "కేసుకే కదన్నా, ఎంత రాయమంటారు?" అన్నాడు.

ఎస్టిమేటు విలువెంతో ఆ ఒక్క మాటలోనే ఉంది. నేను ఇక్కడ ఒక వకీలు దగ్గర గుమాస్తాని. యాక్సిడెంట్ క్లెయిములు నడిచే స్మాల్ కాజెస్ కోర్టులో అవతలి ఇన్సూరెన్స్ వకీలు మొదట అడిగేది ఇదే: ఈ పని చేయించారా, డబ్బు కట్టారా? ఎస్టిమేటు ఒక్కటే చేతిలో ఉంటే నోరు పెగలదు. బండి ఇంకా రిపేరు కాకపోతేనో, రిపేరుకే పనికిరాకుండా పోతేనో తప్ప దాన్ని నమ్ముకోవద్దు.

బిల్లు నయం. బండి నంబరు, జీఎస్టీ నంబరు, ఏ పార్టుకెంత, కూలి ఎంత విడివిడిగా ఉండాలి. డబ్బు బ్యాంకు నుంచో యూపీఐలోనో వెళ్లాలి. చిక్కల్లా ఒకటే. అవతలివాళ్లు కాదంటే బిల్లు రాసినవాడు కోర్టుకొచ్చి "నేనే రాశాను, పని నేనే చేశాను" అని చెప్పాలి. ఒకరోజు పని మానుకుని వచ్చే మేస్త్రీలు ఎందరు? అందుకే వచ్చి సాక్ష్యం చెప్తాడా అని ముందే అడగాలి.

సర్వేయర్ రిపోర్టుకి బరువెక్కువ. లైసెన్సున్న మనిషి బండిని కళ్లారా చూసి రాస్తాడు. సొంత పాలసీలో క్లెయిమ్ పెడితే మన ఇన్సూరెన్స్ కంపెనీయే పంపుతుంది. కానీ అందులో ఒక మెలిక ఉంది. పార్టులు పాతబడ్డాయని అతను తరుగుదల కోసేస్తాడు. ప్లాస్టిక్, రబ్బరు పార్టులకి 50 శాతం, ఇనుపవాటికి బండి వయసును బట్టి, అద్దాలకి సున్నా. 12,000 బంపరు రిపోర్టులో 6,000 అవుతుంది. అవతలి వకీలు ఆ 6,000నే పట్టుకు వేలాడతాడు. ఆ కోత మనకీ మన కంపెనీకీ మధ్య ఒప్పందం, గుద్దినవాడికి దాంతో పనేమిటని మనం వాదించాలి. మన కంపెనీ ఇచ్చేసిన సొమ్మునే మళ్లీ టెంపోవాళ్ల దగ్గర అడిగితే మాత్రం చెల్లదు. ఒకే నష్టానికి రెండుసార్లు డబ్బు రాదు.

నన్నడిగితే సర్వేయర్ చూశాకే బండి విప్పించి, అదే పార్టుల వరుసలో బిల్లు తీసుకోవడం మేలు. రెండూ ఒకదానికొకటి సాక్ష్యం చెప్పుకుంటాయి. రెంటిలో ఒకటే దొరికితే నా ఓటు బిల్లుకే, కోర్టుకొచ్చే మేస్త్రీ ఉంటే.

ఇవన్నీ ఎంత పోయిందో చెప్పే కాగితాలు. ఎవరివల్ల పోయిందో చెప్పేవి వేరు: ఎఫ్ఐఆర్, మహజరు (మన పంచనామాని ఇక్కడ అలాగే అంటారు), మోటార్ వెహికల్ ఇన్‌స్పెక్టర్ రిపోర్టు. దెబ్బలు తగల్లేదంటే స్టేషన్‌లో రాజీ చేసుకోమంటారు. కనీసం ఫిర్యాదు ఇచ్చినట్టు రసీదు తీసుకోండి. ఫోన్ ఫోటోలు ఉంటే చాలదు, భారతీయ సాక్ష్య అధినియమ్ 63వ సెక్షన్ కింద, అవి ఏ ఫోన్‌లో ఎలా తీసినవో చెప్పే సర్టిఫికెట్ జతచేయాలి. 2022 ఏప్రిల్ 1న అమల్లోకి వచ్చిన రూలు ప్రకారం క్లెయిమ్ వేయడానికి గడువు యాక్సిడెంట్ జరిగిన రోజు నుంచి 6 నెలలే. గుద్దిన బండి పాలసీ కాపీ కూడా చూడండి. ఇతరుల ఆస్తి నష్టానికి మామూలుగా కార్లు, లారీలకైతే 7.5 లక్షలు, టూవీలర్‌కైతే 1 లక్ష దాకా ఉంటుంది.

ఇదంతా చెప్పేసరికి మేస్త్రీ ప్యాడ్ సొరుగులో పెట్టేసి, "అయితే సర్వేయర్ వచ్చేదాకా పాత డోర్ తుక్కులో వెయ్యొద్దంటారా?" అన్నాడు. వద్దన్నాం.