బ్లూమ్‌ఫీల్డ్ దారా, ఎంపాన్‌జు దారా?

ఇద్దరూ ఫుట్‌బాల్ మిడ్‌ఫీల్డర్లే. ఇద్దరూ ఇంగ్లండ్ కింది డివిజన్లలో ఒకే క్లబ్‌ను ఏళ్ల తరబడి అంటిపెట్టుకున్నవాళ్లే. ఫలితం మాత్రం వేరు.

పెల్లీ రడక్ ఎంపాన్‌జుది అందరూ చెప్పుకునే కథ. 2013లో వెస్ట్ హామ్ నుంచి ల్యూటన్‌కు వచ్చేసరికి ఆ క్లబ్ ఇంగ్లండ్ లీగ్‌ల ఐదో అంచెలో ఉంది. 2023లో వెంబ్లీలో కోవెంట్రీని పెనాల్టీల్లో 6-5తో ఓడించి ఒకటో అంచె అయిన ప్రీమియర్ లీగ్ చేరింది. ఐదో అంచె నుంచి ఒకటో అంచె దాకా ఒకే క్లబ్‌తో ఎక్కిన మొదటి ఆటగాడు అతనే. ల్యూటన్ మైదానంలో ఓక్ రోడ్ వైపు బయటి ఊరి అభిమానులు వరస ఇళ్ల మధ్యలోంచి దూరి, పెరళ్ల మీదుగా మెట్లెక్కి స్టాండ్‌కు చేరతారు. ప్రీమియర్ లీగ్ అక్కడికే రావాల్సి వచ్చింది!

మ్యాట్ బ్లూమ్‌ఫీల్డ్‌ది ఎక్కుతూ దిగుతూ సాగిన ప్రయాణం. 2003 చివర్లో ఇప్స్‌విచ్ నుంచి వైకమ్ క్లబ్‌కు వచ్చి, 2022లో ఆట మానేదాకా అక్కడే ఉన్నాడు. ఐదు వందలకు పైగా మ్యాచ్‌లు. 2014లో వైకమ్ చివరి రోజు టార్కీలో 3-0తో గెలిచి, అటు బ్రిస్టల్ రోవర్స్ ఓడిపోవడంతో పాయింట్లు సమానమైనా గోల్ తేడాతో, ఐదో అంచెకు పడిపోకుండా నాలుగో అంచెలోనే నిలబడింది. ఆ టెన్షన్ పగవాడికి కూడా వద్దు. ఆరేళ్లకే అదే క్లబ్ రెండో అంచెకు చేరింది.

పేరు కావాలంటే ఎంపాన్‌జు దారే. కానీ క్లబ్ ఎదిగితేనే ఆటగాడూ ఎదుగుతాడు, అది సగం అదృష్టం. నన్నడిగితే బ్లూమ్‌ఫీల్డ్‌కే ఓటు. ఆట మానేశాక కోచ్ అయ్యాడు, 2025 జనవరిలో ల్యూటన్ మేనేజర్‌గా వెళ్లాడు. అప్పటికి ఎంపాన్‌జు అక్కడే ఆడుతున్నాడు.