నల్ల డ్రాయింగ్ పెన్ను, రెండేళ్ల తర్వాత: తడిసినా పోదు, అదే చిక్కు

ధర, సైజులు అందరికీ తెలిసినవే, వాటి జోలికి పోను. అనంతపురం వచ్చిన దగ్గర్నుంచి, అంటే రెండేళ్లుగా, ఇదే 0.3 పెన్ను వాడుతున్నాను. నా కోపమంతా ఒక్క విషయం మీదే: తడిసినా ఇంకు పోదు.

మొదట్లో అదే నచ్చింది. లేపాక్షి పైకప్పు బొమ్మల్లోని చీర అంచులు చూసి గీసుకునేవాడిని (లేపాక్షి 2022 నుంచి ఈ జిల్లాలో లేదు, మనసు ఇంకా ఒప్పుకోదు). మీద వాటర్ కలర్ వేసినా గీత చెదరలేదని కనిపించినవాళ్లందరికీ చెప్పాను. ఇప్పుడు కొంచెం తగ్గించి చెప్తున్నా: నున్నటి కాగితం మీద ఆరడానికి టైం పడుతుంది, గరుకు కాగితం మీద మొన తొందరగా అరుగుతుంది.

అసలు సంగతికొస్తే, మేముండేది పాత మిద్దె. పైన మగవాళ్ల గదులు, కింద ఆడవాళ్లవి, తిండి మాత్రం అందరికీ కింద వసారాలోనే, ఓనరు అవ్వ వడ్డిస్తుంది. కింది గదిలో ఉండే టీచరుతో రెండేళ్లలో నేను మాట్లాడింది "ఉప్పు ఇటివ్వండి మేడమ్" వరకే. బొమ్మలు మాత్రం పుస్తకం నిండా ఉన్నాయి. ముఖం గీసే ధైర్యం లేక జడ చివరి కనకాంబరాలు, మెట్ల దగ్గర విడిచిన చెప్పులు, క్యారియర్ పట్టుకున్న చేయి, ఆ చేతికి డయల్ లోపలివైపు తిప్పి పెట్టుకునే వాచీ.

ఒక ఆదివారం ఉగ్గాని తింటుంటే అవ్వ చేతిలో చెంబు జారి నీళ్లన్నీ పుస్తకం మీద పడ్డాయి. నేను లేచేలోపే టీచరు అందుకుని, పాపం మంచికే, ఫ్యాన్ కింద పెట్టి అంటుకున్న పేజీలు ఒక్కొక్కటే విడదీసింది. తినడానికి కూర్చునే ముందు గీసింది ఒక్కటే అలుక్కుపోయింది, మిగతావి చెక్కుచెదరలేదు. చెప్పులు. జడ. చేయి. వాచీ, మళ్లీ వాచీ. నా చేతిలో బజ్జీ అలాగే ఉండిపోయింది. పుస్తకం మూసి నా ముందు పెట్టి, "ఏమీ పోలేదన్నా, అన్నీ ఉన్నాయి" అంది.

ఆ 'అన్నా' ఈ ఇంట్లో అందరినీ అనేదేలే అని నాకు నేనే చెప్పుకుంటున్నా.

దాచుకునేదేమీ లేనివాళ్లు కళ్లు మూసుకుని కొనొచ్చు. నాలాంటివాళ్లకు పెన్సిలే నయం, రబ్బరుకైనా లొంగుతుంది. అయినా నిన్న ఇంకోటి కొన్నాను, ఇదే పెన్ను. ఆ సోమవారం నుంచి ఆమె వాచీ డయల్ బయటికి పెట్టుకుంటోంది, అది ఇంకా గీయలేదు.