షుగర్ ఉన్నవారి కాలికి ఏది మేలు: ఏబీఐ అంకెనా, డాప్లర్ అలనా?

ఏళ్ళ తరబడి షుగర్ ఉన్న మనిషి పాదంలో పుండు మానడం లేదంటే ముందు తేల్చుకోవాల్సింది ఆ పాదానికి రక్తం సరిగా అందుతోందా అన్నది. దానికి ఎక్కువగా వాడేవి రెండు పరీక్షలు. ఒకటి ఏబీఐ: చీలమండ దగ్గరి బీపీని చేతి బీపీతో భాగిస్తే వచ్చే అంకె. రెండోది డాప్లర్ (ధ్వని తరంగాలతో రక్తం పారే తీరును పట్టే పరికరం) తెర మీద కనిపించే రక్తపు అల ఆకారం. షుగర్ రోగికి వీటిలో ఒక్కటే కుదురుతుందంటే నేను అలనే నమ్ముతాను.

అలాగని ఏబీఐ చెడ్డ పరీక్షేమీ కాదు. రోగిని కాసేపు వెల్లకిలా పడుకోబెట్టి, బీపీ పట్టీ, చిన్న డాప్లర్ పెన్ను ఉంటే చేసేయొచ్చు. 0.9 గానీ అంతకంటే తక్కువ గానీ వస్తే కాలి ధమనుల్లో అడ్డంకి ఉన్నట్టే లెక్క. షుగర్ లేకుండా, సిగరెట్లు తాగే మనిషి పిక్కనొప్పితో వస్తే ఈ అంకె భేషుగ్గా పనికొస్తుంది.

చిక్కంతా షుగర్, కిడ్నీ జబ్బు ఉన్నవాళ్ళతోనే. వాళ్ళ ధమని గోడ మధ్యపొరలో కాల్షియం పేరుకుపోయి, ఎండకు ఎండిన రబ్బరు గొట్టంలా బిరుసెక్కుతుంది. పట్టీ ఎంత బిగించినా నాళం నొక్కుకోదు, లేని బీపీ ఉన్నట్టు చూపిస్తుంది. అంకె 1.4 దాటితే అది నమ్మదగింది కాదని వెంటనే తెలిసిపోతుంది, దాంతో మోసపోయే ప్రమాదం పెద్దగా లేదు. అసలు ప్రమాదం నడిమధ్యన ఉంది. అడ్డంకి అంకెను కిందికి లాగుతుంది, బిరుసు పైకి లాగుతుంది. రెండింటి మధ్య అది 1.1 దగ్గర నిలబడితే రిపోర్టులో ‘నార్మల్’ అని వస్తుంది. ఇంకొకటి కూడా ఉంది. చీలమండ దగ్గరి రెండు ధమనుల్లో ఎక్కువ బీపీ వచ్చినదాన్నే లెక్కలోకి తీసుకోవడం ఆనవాయితీ, మూసుకుపోయిన రెండోది అందులో కనపడదు. షుగర్ దెబ్బ మోకాలి కింది ధమనుల మీదే ఎక్కువ కాబట్టి ఇది చిన్న లోపం కాదు. నరాలు మొద్దుబారినవారికి నడిస్తే పిక్క పట్టేసిన సంగతి కూడా తెలియకపోవచ్చు, నొప్పి లేదు కదా అన్న ధీమా పనికిరాదు.

అలకు ఈ బెడద తక్కువ, ఎందుకంటే అక్కడ నాళాన్ని నొక్కే పనే లేదు. విశ్రాంతిగా ఉన్న ఆరోగ్యమైన కాలిలో అల నిటారుగా లేస్తుంది, దిగి సున్నా గీత కిందికి క్షణకాలం వెళ్తుంది, మళ్ళీ కాస్త పైకొస్తుంది. దీన్నే ట్రైఫేజిక్ అంటారు. వయసు పైబడినవారిలో చివరి చిన్న మిట్ట పోయి బైఫేజిక్ అయినా కంగారు అక్కర్లేదు. 2020లో అమెరికాలోని రెండు వాస్క్యులర్ సంఘాలు కలిసి ఈ రెండింటినీ ‘మల్టీఫేజిక్’ అనే ఒకే పేరు కిందికి తెచ్చాయి. పైన ఎక్కడో గట్టి అడ్డంకి ఉంటే కింద అల నెమ్మదిగా లేస్తుంది, కొన గుండ్రంగా మొద్దుబారుతుంది, గీత కిందికి వెళ్ళడం మానేస్తుంది. అది మోనోఫేజిక్.

కానీ రిపోర్టులో మోనోఫేజిక్ అన్న ఒక్క మాట చూసి బెంబేలెత్తకూడదు. పాదానికి చీము పట్టి ఎర్రగా వేడెక్కినా, అప్పుడే నడిచి వచ్చినా చిన్న నాళాలు తెరుచుకుని, మంచి ధమనిలోనూ అల గీత పైనే ఉండిపోతుంది. తేడా పట్టించేది లేచే తీరు: నిటారుగా లేస్తే పైదారి బాగున్నట్టు, బద్ధకంగా లేస్తే దారిలో అడ్డున్నట్టు. షుగర్ పుండ్లలో చీము మామూలే కాబట్టి ఈ తేడా రోజూ అవసరపడుతుంది. పరీక్ష చేసేవారు అల ఎలా లేచిందో రాయకపోతే అడిగి రాయించుకోవడం మంచిది. అల పరీక్షకున్న అసలు బలహీనత కూడా ఇదే, చేసే చేతిని బట్టి, చూసే కంటిని బట్టి ఫలితం మారుతుంది. తెర లేని పెన్నుతో చప్పుడు మాత్రమే విని చెప్పే చోట ఇంకా ఎక్కువ మారుతుంది.

అల బాగాలేదని తేలాక పుండు మానుతుందా అన్న ప్రశ్నకు మాత్రం రెండూ చాలవు. అప్పుడు కాలి బొటనవేలి బీపీ కావాలి. వేళ్ళ నాళాలు అంత తేలిగ్గా బిరుసెక్కవు. చేతి బీపీ 140, చీలమండ 154, బొటనవేలు 56 అనుకుందాం: ఏబీఐ 1.1, వేలి నిష్పత్తి 0.4. వేలిది 0.7 లోపు ఉంటే తేడా ఉన్నట్టే. వేలి బీపీ 30 కంటే తగ్గితే పుండు తనంతట తాను మానే ఆశ బాగా తక్కువ, రక్తనాళాల సర్జన్‌ను వెంటనే కలవాలి. వేలు తీసేసినవారికి ఈ పరీక్ష కుదరదు, అక్కడ మళ్ళీ అలే దిక్కు.

అడ్డంకి ఎక్కడుందో చెప్పేది డూప్లెక్స్ స్కాన్, అంటే నాళం బొమ్మనూ డాప్లర్‌నూ కలిపి చూపే అల్ట్రాసౌండ్. సన్నబడిన చోట రక్తం వేగం దానికి కాస్త పైనున్న చోటి కంటే రెట్టింపు దాటితే నాళం సగానికి పైగా మూసుకున్నట్టు లెక్కిస్తారు. యాంజియోకు వాడే కాంట్రాస్ట్ మందు దీనికి అక్కర్లేదు, కిడ్నీ దెబ్బతిని క్రియాటినిన్ ఇప్పటికే ఎక్కువగా ఉన్నవారికి ముందు ఇదే చేయించడం నయం.