దయ్యాల కొంపకు సోలార్ 4జీ కెమెరా: కొనొచ్చు, బిగింపులోనే ఉంది కిటుకు

పాతబస్తీలో ఏళ్ల తరబడి తాళం పడున్న ఇంట్లో రాత్రిళ్లు గజ్జెల చప్పుడు మొదలైందంటే, ముందు టేకు తలుపులు, ఇత్తడి గడియలు, రాగి వైర్లు ఉన్నచోటే ఉన్నాయేమో చూసుకోండి. దయ్యం పేరు చెబితే ఇరుగుపొరుగు అటు తొంగి చూడరు. దొంగలకు కావాల్సింది అదే. బ్లూటూత్ స్పీకరు, చీకట్లో మెరిసే పెయింటు, తలుపుకు కట్టిన నైలాన్ దారం ఉంటే వాళ్ల పని అయిపోతుంది.

అలాంటి ఇంట్లో కరెంటూ వైఫై ఉండవు కాబట్టి సిమ్ వేసే సోలార్ కెమెరాయే దారి. దీని పీఐఆర్ సెన్సర్ ఒంటి వేడి కదలికను పసిగడుతుంది. గాలికి ఊగే తెల్లచీరను వదిలేసి, దాని పక్కన నడిచే మనిషిని పట్టిస్తుంది. మాకు బాగా నచ్చింది ఇదే.

మనిషి ఎదురుగా వచ్చేటప్పటికంటే అడ్డంగా దాటేటప్పుడు సెన్సర్ బాగా పసిగడుతుంది. అందుకని గుమ్మానికి పక్కగా, 8 అడుగుల ఎత్తున పెట్టండి. కిటికీ అద్దం వెనక పెడితే దండగ, గాజు ఆ వేడిని ఆపేస్తుంది. మే నెలలో కాగిన రాతిగోడకూ ఒంటి వేడికీ తేడా తగ్గిపోతుంది కనుక అప్పుడు సెన్సిటివిటీ పెంచాలి. మిగతా నెలల్లో అలాగే వదిలేస్తే పిల్లులకు కూడా మోగి బ్యాటరీ దిగిపోతుంది.

కొనేముందు, చీకట్లో వీడియో తీయడానికి వెలిగే ఐఆర్ (ఇన్‌ఫ్రారెడ్) లైట్లు 850 నానోమీటర్లవా, 940వా అని అడగండి. 850వి చీకట్లో సన్నగా ఎర్రగా కనిపిస్తాయి, దొంగ చూశాడంటే గుడ్డ కప్పేస్తాడు. 940వి కంటికి ఆనవు. దూరం తగ్గుతుంది గానీ వరండాకు చాలు.

డంగుసున్నం గోడకు డ్రిల్ పెడితే పొడిగా రాలుతుంది, ప్లగ్గులు నిలవవు. దూలానికి క్లాంపు వేయండి. ప్యానెల్ దక్షిణానికి, సుమారు 17 డిగ్రీల వాలులో, వేపచెట్టు నీడ పడని చోట ఉండాలి. వీడియోలో తేలే తెల్లని గుండ్రాలు లెన్సు ముందరి దుమ్మూ పురుగులే, ఐఆర్ వెలుగుకు అలా కనిపిస్తాయి. సాలెగూడు కట్టకుండా తుడుస్తూ ఉండండి.

లోపాలూ ఉన్నాయి. బ్యాటరీ ఆదాకు నిద్రలో ఉండే కెమెరా లేచి రికార్డింగ్ మొదలెట్టేలోపు మొదటి క్షణాలు పోతాయి. కెమెరానే పీక్కుపోతే వీడియో ఉండే మెమరీ కార్డూ పోతుంది, కాబట్టి డబ్బు కట్టైనా వీడియోను ఆన్‌లైన్‌లో దాచే క్లౌడ్ తీసుకోండి.

అలర్ట్ వస్తే లోపలికి వెళ్లొద్దు, 112కి ఫోన్ చేయండి. కార్డును చెరపకుండా దాచండి. కోర్టుకు ఆ వీడియోతో పాటు భారతీయ సాక్ష్య అధినియం, 2023లోని 63వ సెక్షన్ ప్రకారం ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి జతచేసే సర్టిఫికెట్ కూడా ఇవ్వాలి.