ఊరి బయటి షెల్టర్ నుంచి పెద్ద వయసు లాబ్రడార్‌ని తెచ్చుకున్నాం: పది నెలల తర్వాత నా అభిప్రాయం

ముందే చెప్తున్నా, షెల్టర్ పేరు ఇక్కడ రాయడం లేదు. అడ్రస్ నలుగురికీ తెలిస్తే చాలు, తెల్లారేసరికి గేటుకి కుక్కని కట్టేసి పోతున్నారట, కళ్ళు కూడా తెరవని పిల్లల్ని అట్టపెట్టెలో పెట్టి వదిలేస్తున్నారట. అందుకే పేరు రాయొద్దని వాళ్ళే బతిమాలారు. నిజంగా పెంచుకుందామనుకునే వాళ్ళు మీ దగ్గర్లోని పశువుల డాక్టర్‌ని అడగండి, విశాఖలో ఈ పని చేసేవాళ్ళెవరో వాళ్ళకి తెలుస్తుంది.

మేం వెళ్ళింది బుల్లి కుక్కపిల్ల కోసం. మా అబ్బాయి తొమ్మిదో తరగతి, రెండేళ్ళుగా బీగిల్ జాతి పిల్ల కావాలని ఒకటే గొడవ. కొనడం నాకు ఇష్టం లేక షెల్టర్‌కి తీసుకెళ్ళాను. అక్కడ అడిగిన మొదటి ప్రశ్నే, "పిల్ల అయితే పన్నెండేళ్ళు బతుకుతుందమ్మా, ఇంకో మూడేళ్ళలో బాబు చదువుకని వేరే ఊరు వెళ్ళిపోతే ఎవరు చూస్తారు?" అని. నా దగ్గర జవాబు లేదు. ఆ రోజు ఖాళీ చేతులతో వచ్చేశాం, నాకు కోపం కూడా వచ్చింది.

మొత్తం మూడు వారాలు పట్టింది. రెండుసార్లు మేం వెళ్ళాం, ఒకసారి వాళ్ళు ఎంవీపీ కాలనీలో మా ఫ్లాట్‌కి వచ్చి చూశారు. బాల్కనీ గ్రిల్ సందులు చేత్తో కొలిచారు, సంక్రాంతికి ఊరెళ్తే కుక్క ఎక్కడుంటుందని అడిగారు, ఓనర్ ఒప్పుకున్నాడని మేం చెప్తే చాలదు, ఫోన్ చేసి మాట్లాడించండి అన్నారు. మా అత్తయ్యగారిని పక్కన కూర్చోబెట్టుకుని, "మీకు ఇష్టమేనా అమ్మమ్మగారూ, మొహమాటం వద్దు" అని విడిగా అడిగారు. "ముద్దులాడటం నాకు చేతకాదు గానీ వేళకి అన్నం పెడతాను" అంది ఆవిడ. పగలంతా ఇంట్లో ఉండేది ఆవిడే, ఆ మనిషిని అడగకుండా కుక్కని ఇచ్చేస్తే ఏమవుతుందో వాళ్ళకి బాగా తెలుసు. కుక్కని తిప్పి పంపేవాళ్ళలో ఎక్కువమంది చెప్పే కారణం "ఇంట్లో పెద్దవాళ్ళకి పడటం లేదు" అనేదేనట.

రెండోసారి వెళ్ళినప్పుడు ఈ లాబ్రడార్ కనిపించింది, పేరు చిట్టి. ఆనందపురం వైపు హైవే పక్కన దొరికిందట. పొదుగు వేలాడిపోయి, మోచేతుల మీద సిమెంటు నేల రాసుకుని నల్లగా కాయలు కాసి, గోళ్ళు వంకర తిరిగి ఉంది. ఈతల మీద ఈతలు వేయించి, ఇక పనికిరాదని వదిలేశారని చూడగానే అర్థమవుతుంది. 2017 నాటి బ్రీడింగ్ రూల్స్ ప్రకారం ఆడకుక్కకి పద్దెనిమిది నెలలు నిండకుండా ఈత వేయించకూడదు, జీవితం మొత్తంలో ఐదు ఈతలు దాటకూడదు. ఇలా వదిలేయడం కూడా 1960 జంతుహింస నిరోధక చట్టం కింద నేరమే, కానీ మొదటిసారి తప్పుకి జరిమానా పది నుంచి యాభై రూపాయలు. యాభై రూపాయలకి ఎవడు భయపడతాడు? అక్కడ పనిచేసే పెద్దాయన మాత్రం, "ఈవిడ ఎవర్నీ ఏటీ అనదమ్మా, పక్కన కూకుంటే చాలు" అన్నాడు. మా అబ్బాయి వెళ్ళి కూర్చున్నాడు. బీగిల్ మాట మళ్ళీ రాలేదు.

ఫీజు లేదు. టీకాల ఖర్చు కింద 1,200 తీసుకుని రసీదు ఇచ్చారు. గర్భసంచి తీసేసే ఆపరేషన్ వాళ్ళే చేయించారు, ఈ వయసులో ఆపరేషన్ లేకుండా ఉంటే అందులో చీము పట్టి ప్రాణం మీదికి రావచ్చని డాక్టర్ తర్వాత చెప్పారు. మొదటి పదిహేను రోజులు ట్రయల్. మా వల్ల కాకపోతే తిరిగి వాళ్ళకే ఇవ్వాలి, వేరెవరికీ ఇవ్వకూడదని కాగితం మీద సంతకం.

ఇక నా ఫిర్యాదులు, ఇవి చిన్నవి కావు. వాట్సాప్ స్టేటస్‌లో చిట్టికి మూడేళ్ళు అని పెట్టారు. మద్దిలపాలెంలో మా డాక్టర్ పళ్ళు చూసి ఏడు దాటింది అన్నారు. అడిగితే, "ఏడు అంటే ఎవరూ ఫోన్ కూడా చేయరమ్మా" అన్నారు. వాళ్ళ బాధ నాకు అర్థమైంది, అయినా ఇది తప్పే. మూడేళ్ళని నమ్మి తీసుకెళ్ళినవాడు నిజం తెలిశాక తిప్పి పంపితే నష్టపోయేది ఆ కుక్కే కదా. రెండోది, ఆరో రోజు జ్వరం వచ్చి చిగుళ్ళు తెల్లబడ్డాయి. రక్తపరీక్షలో గోమార జ్వరం (పిడుదులు కుట్టి వచ్చేది) అని తేలింది, ప్లేట్‌లెట్లు బాగా తగ్గిపోయాయి, 28 రోజులు డాక్సీసైక్లిన్ వాడాం, ఆ వారం ఇంటిల్లిపాదికీ ఒకటే టెన్షన్. ఇచ్చే ముందు ఆ పరీక్ష వాళ్ళే చేయించి ఉండాల్సింది. సగం ఖర్చు పెట్టుకుంటామన్నారు, మేమే వద్దన్నాం. ఫోన్ కూడా పగటిపూట ఎత్తరు, మెసేజ్ పెడితే రాత్రి పదికి జవాబు వస్తుంది.

కానీ ఇచ్చాక వాళ్ళు పట్టించుకున్న తీరు చూసి నా కోపం పోయింది. చిట్టి మా ఇంటి టైల్స్ మీద నడిచేది కాదు, కాళ్ళు జారిపోతుంటే గుమ్మం దగ్గరే వణుకుతూ పడుకునేది. లాగొద్దు, ఎత్తుకోవద్దు, హాల్ నుంచి బాల్కనీ దాకా గోనె సంచులు పరవండి, రోజుకి ఒకటి తీసేయండి అని వాలంటీర్ అమ్మాయి చెప్పింది. పదకొండు సంచులు పరిచాం. పన్నెండో రోజుకి ఉత్త నేల మీద వంటింట్లోకి వచ్చి అత్తయ్యగారి వెనక నిలబడింది. పెరుగన్నంలో ఉల్లిపాయ తగలకూడదని, ఉడికించిన కోడి ఎముకలు చీలి పేగుల్లో గుచ్చుకుంటాయని, ద్రాక్ష అసలు పెట్టొద్దని రాసిచ్చిన కాగితం ఇప్పటికీ మా ఫ్రిజ్ మీదే ఉంది.

రెండో నెలలో మా అపార్ట్‌మెంట్ అసోసియేషన్ వాళ్ళు కుక్క ఉండకూడదని నోటీసు అంటించారు. పెంపుడు కుక్కల్ని అసోసియేషన్లు నిషేధించకూడదని జంతు సంక్షేమ బోర్డు 2015లోనే మార్గదర్శకాలు ఇచ్చింది. ఆ కాపీ పట్టుకుని షెల్టర్ నుంచి ఇద్దరు ఆదివారం మీటింగ్‌కి వచ్చి కూర్చున్నారు. గొడవ పడలేదు, లిఫ్టులో పట్టీ వేసి తీసుకెళ్తారు, కింద మలం వాళ్ళే తీస్తారు అని ఓపిగ్గా చెప్పారు. ఇంత చేస్తారని నేను అనుకోలేదు.

వెళ్ళేవాళ్ళు జాతి కుక్కే కావాలని అడగకండి, అక్కడ ఎక్కువ ఉన్నవి మన వీధి కుక్కలే, మన ఉక్కపోతకి తట్టుకునేవి అవే. మంచు దేశాల జాతి హస్కీ ఒకటి ఉంది, మధ్యాహ్నం పూట దాని ఆయాసం చూస్తే కడుపు తరుక్కుపోతుంది. వెళ్ళేటప్పుడు పాత దుప్పట్లు, న్యూస్ పేపర్లు పట్టుకెళ్ళండి, ఎన్ని ఇచ్చినా చాలవు. వర్షాకాలంలో చివరి అర కిలోమీటరు బురద, ఆటోవాళ్ళు రారు.

చిట్టి ఉండిన గది పక్కన ఒక జర్మన్ షెపర్డ్ ఉంది. తొమ్మిదేళ్ళు అంటున్నారు, ఈసారి వయసు సరిగ్గానే చెప్తున్నారు. వెనక కాళ్ళు కొంచెం బలహీనం, మెట్లు లేని గ్రౌండ్ ఫ్లోర్ ఇల్లయితే సరిపోతుందట. మొన్న ఆదివారం దుప్పట్లు ఇవ్వడానికి వెళ్ళినప్పుడు కూడా అక్కడే ఉంది.